కడిగిన నీళ్లు

సోమవారం ఉదయం ఆరుంపావుకి అపార్ట్‌మెంట్ వెనక తోటలో పదకొండు పక్షులు చచ్చి పడి ఉన్నాయి. తొమ్మిది పిచ్చుకలు, రెండు పావురాలు. ఆరు పిచ్చుకలు నీళ్ల మూకుడు చుట్టూ మూరెడు దూరంలో పడ్డాయి. మూడు గులాబీల కింద దొరికాయి. ఒక పావురం గోడవార ఉంది. రెండోది మూకుడు అంచు మీదే ఉంది, తల నీళ్లలోకి వాల్చి.

తోటమాలి చేతిసంచి గడ్డి మీద పెట్టి ముందు ఆ పావురాన్ని తీసింది. కాళ్లు బిగుసుకుపోయి ఉన్నాయి. దాన్ని పాత పేపరు మీద పెట్టి, మిగతావాటిని ఒక్కొక్కటే తెచ్చి పక్కన పేర్చింది. రెక్కలు విచ్చుకుని ఉన్నవాటికి రెక్కలు ముడిచింది. పదకొండూ అయ్యాక లేచి మూకుడు వంక చూసింది.

మట్టి మూకుడు వెల్లకిలా ఉంది. అందులో రెండు వేళ్ల లోతు నీళ్లున్నాయి. మధ్యలో చదును రాయి ఉంది.

శనివారం సాయంత్రం ఆమె దాన్ని బోర్లించి వెళ్లింది.

మందు కొట్టే రోజు ఆమె పద్ధతి అది. ముందు మూకుట్లో నీళ్లు పారబోస్తుంది. పీచుతో తోమి, మూడు ఇటుకల మీద బోర్లిస్తుంది. చిన్న పిట్టలు నిలబడడానికి మధ్యలో ఉంచే రాయిని తీసి పక్కన పెడుతుంది. ఆ తర్వాతే స్ప్రేయరు భుజాన వేసుకుంటుంది. మర్నాడు మధ్యాహ్నం దాకా మూకుడు అలాగే ఉండాలి. ఆదివారం ఆమెకి సెలవు. అందుకని గేటు దగ్గర వాచ్‌మన్‌గా ఉన్న తమ్ముడికి కుళాయి పిడి ఇచ్చి వెళుతుంది. మూకుడు కడిగి నీళ్లు పోయడం ఆ ఒక్కరోజూ అతని పని.

తోట కుళాయికి పిడి ఉండదు. కార్లు కడిగేవాళ్లు నీళ్లు వాడేస్తున్నారని అసోసియేషన్ సెక్రటరీ నిరుడు దాన్ని ఊడదీయించాడు. ఉన్న ఒక్క పిడీ తోటమాలి నడుముకి తాడుతో వేలాడుతుంటుంది. నీళ్లు కావలసినప్పుడు దాన్ని కుళాయికి తగిలించి తిప్పుతుంది. ఆ పని మీద సెక్రటరీ అప్పట్లో మూడు సర్క్యులర్లు అంటించాడు. పనివాళ్లు చాటుగా ఆయన్ని సర్క్యులర్ సార్ అనే అంటారు.

మెట్లు ఊడ్చే మనిషి చీపురుతో వచ్చి పేపరు దగ్గర ఆగిపోయింది.

“అమ్మో. ఏమైందక్కా వీటికి?”

“తెలీదు.”

“సర్క్యులర్ సార్ చూస్తే పక్షులకి కూడా నోటీసు ఇస్తాడు. అనుమతి లేకుండా చచ్చిపోయాయని.”

తోటమాలి నవ్వలేదు. ఊడ్చే మనిషి కూడా నవ్వు ఆపేసి మెట్ల వైపు వెళ్లింది.

పావుగంటలో సెక్రటరీ వచ్చాడు. నడక బూట్లు వేసుకుని ఉన్నాడు. ఆయన వెనక మొదటి అంతస్తు టీచరమ్మ దిగింది. డెబ్బై నాలుగేళ్ల మనిషి, లెక్కల టీచరుగా చేసి రిటైరైంది. మూకుడు కొనిచ్చింది ఆవిడే. ఆవిడ కిటికీ సరిగ్గా దాని మీదికి ఉంటుంది. మెట్ల చివర రెయిలింగు పట్టుకుని నిలబడి, పేపరు మీద వరసని వేలితో లెక్కపెట్టింది. పదకొండు దగ్గర వేలు ఆగింది.

“శనివారం గులాబీలకి మందు కొట్టావా?” అన్నాడు సెక్రటరీ.

“కొట్టాను సార్. పేనుబంక పట్టింది.”

“అయిపోయింది. ఇంకేం తేల్చాలి?”

“మూకుడు బోర్లించే కొట్టాను సార్.”

“బోర్లించిన మూకుట్లో నీళ్లెలా ఉన్నాయమ్మా? అదే లేచి కుళాయి దాకా నడిచి వెళ్లిందా?”

“మా తమ్ముడు నిన్న మధ్యాహ్నం పోసి ఉంటాడు.”

సెక్రటరీ గేటు వైపు చూశాడు. తర్వాత ఎందుకో ఆ మాట వదిలేశాడు. “ఎవరు పోస్తేనేం. మందు నీది, మూకుడు నీది, పక్షులు చచ్చాయి. బుధవారం సాయంత్రం కమిటీ కూర్చుంటుంది. నీ పని సంగతి అక్కడే తేలుస్తాం. అందాకా మొక్కలకి నీళ్లు పెట్టు, అంతే. మందు జోలికి వెళ్లకు.”

ఊడ్చే మనిషిని పిలిచి మూకుట్లో నీళ్లు కాలవలో పోయించాడు.

టీచరమ్మ ఇంకా మెట్ల దగ్గరే ఉంది. “మూడేళ్లు నీ చేతి నీళ్లే తాగాయి,” అంది తోటమాలితో. “నిన్ను నమ్మి తాగాయి.”

“నేనేం చేయలేదు టీచరమ్మా.”

“చేయలేదంటే బతికొస్తాయా?”

ఆవిడ వెనక్కి తిరిగి మెట్లెక్కింది. ప్రతి మెట్టు మీదా రెండు కాళ్లూ పెట్టి, తర్వాత పై మెట్టు.

తోటమాలి గోడవార మోకాలి లోతు గొయ్యి తవ్వింది. పక్షుల్ని పేపరుతో సహా దించి మట్టి కప్పింది. పార వెనకవైపుతో మట్టిని అదిమింది. ఆ తర్వాత చేతులు రెండుసార్లు సబ్బుతో కడుక్కుంది. వాసన చూసుకుంది. శనివారం కూడా ఇలాగే కడుక్కున్నట్టు గుర్తు. గుర్తే తప్ప, సాక్ష్యం లేదు.

మధ్యాహ్నం గేటు గదిలో తమ్ముడు తింటుంటే వెళ్లి ఎదురుగా బల్ల మీద కూర్చుంది. పిడి మేకుకి వేలాడుతోంది.

“నిన్న మూకుడు కడిగావా?”

“కడిగాను.”

“దేంతో?”

“దేంతో ఏంటక్కా, నీళ్లతో.”

“పీచు ఎక్కడుందో చెప్పు.”

అతను నమలడం ఆపాడు. “కుళాయి మీద.”

“పీచు నా సంచిలో ఉంది. శనివారం అరిగిపోయిందని ఇంటికి పట్టుకెళ్లా. నా మొహం చూసి చెప్పరా. పోశావా, లేదా?”

అతను గిన్నె మూత పెట్టేశాడు. లేచి కిటికీలోంచి బయటికి చూసి, మళ్లీ కూర్చున్నాడు.

“పోయలేదు. నేను అసలు ఇక్కడ లేను. సర్క్యులర్ సార్ కూతురు ఇల్లు మారింది. బీరువాలు మొయ్యాలి రమ్మన్నాడు. పదింటికి పోయా. ఏడింటికి వచ్చా. ఇంకో గేటు వాడిని చూసుకోమన్నా.”

“మరి పొద్దున్నే ఆ మాట చెప్పొచ్చు కదా.”

“చెప్తే? డ్యూటీ వదిలి వెళ్లానని రాస్తాడు.”

“పంపింది ఆయనేగా!”

“పంపినట్టు కాయితం ఉందా నా దగ్గర?” అతను గొంతు తగ్గించాడు. “అక్కా, నీకు దణ్ణం పెడతా. ఇద్దరికీ ఒకేసారి పనిపోతే ఇల్లెలా? నువ్వు ఏదో ఒకటి చెప్పు. నన్ను మాత్రం లాగకు.”

ఆమె పిడి తీసుకుని నడుముకి కట్టుకుంది. “బీరువాలు ఎన్ని మోశావు?”

“రెండు. ఒక ఫ్రిజ్జు.”

“నడుం పట్టేసిందా?”

“పట్టేసింది.”

“మంచిదైంది,” అని లేచి వెళ్లిపోయింది.

మంగళవారం ఆమె గంట ముందే వచ్చింది. మందు కలిపే డబ్బా, కొలత గిన్నె, స్ప్రేయరు, అన్నీ బయటికి తీసి వరసగా పెట్టింది. శనివారం ఏది ఎప్పుడు పట్టుకుందో మొదటినుంచీ మందు లేకుండా ఉత్తుత్తిగా మళ్లీ చేసి చూసుకుంది. మూకుడు తోమింది. బోర్లించింది. మందు కలిపింది. కొట్టింది. స్ప్రేయరులో నీళ్లు పోసి ఊపి, ఆ నీళ్లు బకెట్లో వంపింది. నాజిల్ విప్పి ఆ బకెట్లోనే నానేసింది.

అక్కడ ఆమె చేయి ఆగింది.

స్ప్రేయరు కడిగిన నీళ్లు ఆమె పారబోయదు. కాలవలో పోస్తే కాలవ పాడవుతుంది, మట్టిలో పోస్తే వానపాములు చస్తాయి. బకెట్లో ఉంచి, తర్వాత కొట్టే మందులో ఆ నీళ్లే కలుపుతుంది. అందాకా బకెట్టు పనిముట్ల గదిలో తాళం వెనక ఉంటుంది. కానీ శుక్రవారం నుంచి ఆ గదినిండా రంగులేసేవాళ్ల డబ్బాలున్నాయి. కాలు పెట్టే చోటు లేదు. బకెట్టుని ఆమె కుళాయి వెనక పొద పక్కన పెట్టింది. దాని మీద వేసే చెక్క కూడా రంగులవాళ్లు నిచ్చెన కింద పెట్టుకున్నారు. ఒక్క రోజే కదా అనుకుంది. బస్సు వేళయింది.

వెళ్లి చూసింది. నీలం బకెట్టు పెట్టినచోటే ఉంది. అడుగున నాజిల్ ఉంది. శనివారం నీళ్లు చెవుల దాకా ఉన్నాయి. ఇప్పుడు బెత్తెడు కిందికి ఉన్నాయి. కొమ్మకి తగిలించి ఉండాల్సిన మగ్గు గడ్డిలో పడి ఉంది.

ఎండకి అంత ఇంకదని ఆమెకి తెలుసు. అయినా ఊరుకోలేదు. అలాంటిదే ఇంకో బకెట్టు తెచ్చి, పిడి తగిలించి, చెవుల దాకా కుళాయి నీళ్లు పట్టింది. వేరే మగ్గుతో మూకుట్లో పోసింది. మూకుడు నిండడానికి మూడు మగ్గులు పట్టాయి. రెండు బకెట్లూ పక్కపక్కన పెట్టి వంగి చూసింది. నీళ్లు ఇందులోనూ బెత్తెడు తగ్గాయి. దానికీ దీనికీ గోరంత తేడా కూడా లేదు.

ఆమె ఇటుకల పక్కన నేల మీద కూర్చుంది. లేచి మూకుట్లో నీళ్లు వంపేసి దాన్ని బోర్లించింది. తర్వాత కడిగిన నీళ్ల బకెట్టు మీద పెంకు మూసి, పెంకు మీద రాయి పెట్టింది.

పది గంటలకి మొదటి అంతస్తుకి వెళ్లి టీచరమ్మ తలుపు తట్టింది. టీచరమ్మ మెడకి కండువా చుట్టుకుని ఉంది. ముక్కు ఎర్రగా ఉంది. లోపలికి రమ్మనలేదు.

“ఆదివారం కిటికీలోంచి ఎవరినైనా చూశారా టీచరమ్మా? మూకుడు దగ్గర?”

“చూడడమేంటి. నేనే వెళ్లాను.” టీచరమ్మ తలుపు ఇంకాస్త తీసింది. “నాలుగున్నరకి. నువ్వు బోర్లించిపోయావు. నాలుగు పిచ్చుకలు దాని వీపు మీద కూర్చుని నోళ్లు తెరుచుకుని ఉన్నాయి. ఆ ఎండలో. మీ తమ్ముడేమో అజా పజా లేడు. మోకాళ్ల నెప్పితో నేనే దిగి, మూకుడు తిప్పి, రాయి పెట్టి, మూడు మగ్గుల నీళ్లు పోసి వచ్చాను. ఆ మాటే రేపు కమిటీలో చెప్పబోతున్నాను.”

“ఏమని?”

“నేను పోసినవి మంచినీళ్లు. అయినా చచ్చాయంటే విషం మూకుట్లో ఉందన్నట్టు. మందు చేతులతో తోమావు నువ్వు. లెక్క అంతే. ఇంకో జవాబు రాదు.”

తోటమాలి గుమ్మం వంక చూస్తూ నిలబడింది. “నీళ్లు ఎక్కడివి టీచరమ్మా?”

“కుళాయి తిప్పబోయాను. చేతికి ఏదీ దొరకలేదు. వెనక బకెట్టు నిండా ఉంది. మొక్కలకి పట్టిపెట్టావనుకున్నాను. ఎందుకు?”

“ఊరికే.”

“ఊరికే అడగడానికి మెట్లెక్కి వచ్చావా?”

“వస్తాను టీచరమ్మా. జలుబు చేసినట్టుంది. చల్లగాలికి తిరగకండి.”

మెట్ల కింద తమ్ముడు కాచుకుని ఉన్నాడు. ఆమె బకెట్టు సంగతి చెప్పింది. అతను రెండు చేతులూ తల మీద పెట్టుకున్నాడు. తర్వాత మొహం తేటపడింది.

“ఇంకేం మరి! నువ్వు బయటపడ్డావు. రేపు లేచి ఆవిడే పోసిందని చెప్పెయ్. ఆవిడని ఎవరేమంటారు? ఆవిడకేం పనా, పోతుందా?”

“బకెట్టు ఎవరిదిరా?”

“నీదే. అయితే?”

“మూత పెట్టనిది ఎవరు?”

“అక్కా, నువ్వు ఈ తెలివితేటలు చూపిస్తే రేపు ఇద్దరం కలిసి వేరే గేటు వెతుక్కోవాలి.”

“ఆవిడ రోజూ వాటిని లెక్కపెట్టుకుంటుంది. పొద్దున ఎన్ని వచ్చాయో సాయంత్రం నాకు చెబుతుంది. ఆ మనిషికి వెళ్లి, నీ చేత్తోనే చంపావని చెప్పమంటావా?”

తమ్ముడు టోపీ సర్దుకుని గేటు వైపు నడిచాడు.

బుధవారం ఆరున్నరకి కింది హాల్లో కమిటీ కూర్చుంది. పద్నాలుగు మంది వచ్చారు. తోటమాలి గోడ దగ్గర నిలబడింది. తమ్ముడు తలుపు బయట ఉన్నాడు. ముందు లిఫ్టు గురించి ఇరవై నిమిషాలు మాట్లాడారు. ఆ తర్వాత టీచరమ్మ రెండో వరసలోంచి లేచి, మంగళవారం గుమ్మంలో చెప్పిందే అందరికీ చెప్పింది. నాలుగున్నర, నాలుగు పిచ్చుకలు, మూడు మగ్గులు. చెప్పడంలో ఎక్కడా తడబడలేదు.

“ఆదివారం వాచ్‌మన్ పోయలేదన్నమాట,” అన్నాడు ఒకాయన. “అతనెక్కడికి వెళ్లాడు?”

“అది వేరే విషయం. అజెండాలో లేదు,” అన్నాడు సెక్రటరీ. టైపు చేసిన కాయితం ఒకటి తీసి చదివాడు. తోటమాలి పురుగుమందు అంటిన చేతులతో మూకుడు కడిగినందువల్ల పక్షులు మరణించినవి. ఇందుకు ఆమె క్షమాపణ కోరుచున్నది. “సంతకం పెట్టమ్మా. పెడితే ఈసారికి వదిలేస్తాం. పెట్టకపోతే రేపటినుంచి రానక్కర్లేదు.”

ఆమె కాయితం తీసుకుంది. వేలు పెట్టి ఒక్కో మాటా చదివింది. పద్నాలుగు మంది చూస్తున్నారు. ఎవరో గడియారం చూసుకున్నారు.

“ఇది తప్పు సార్.”

“ఏది?”

“చేతుల మాట. నేను మూకుడు తోమేటప్పటికి మందు డబ్బా మూతే తీయలేదు.”

“అంటే నీ తప్పేం లేదంటావు.”

“ఉంది. స్ప్రేయరు కడిగిన నీళ్లు బకెట్లో పెట్టి మూత లేకుండా వదిలేసి వెళ్లాను. అది నా తప్పు. అది రాయండి, సంతకం పెడతాను.”

“బకెట్టు సంగతి ఎవరడిగారు? పక్షులు నీ బకెట్లో దిగి తాగాయా?”

కొందరు నవ్వారు. తోటమాలి నేల వంక చూసింది. “బకెట్టు సంగతే రాయండి సార్. మిగతాది అక్కర్లేదు.”

“ఏ బకెట్టు?”

అడిగింది టీచరమ్మ. కూర్చునే అడిగింది. నవ్వులు ఇంకా పూర్తిగా ఆగలేదు.

తోటమాలి తలెత్తలేదు.

“నిన్నే. ఏ బకెట్టు?”

“నీలం బకెట్టు టీచరమ్మా.”

“కుళాయి వెనకదా?”

“అదే.”

టీచరమ్మ ముందు కుర్చీ వీపు పట్టుకుని లేచింది. “నిన్న నీకు చెప్పాను, అందులోవే పోశానని.”

“చెప్పారు.”

“అప్పుడే తెలుసా నీకు?”

“తెలుసు.”

“తెలిసి నన్ను చల్లగాలికి తిరగొద్దని చెప్పి వెళ్లావా?”

తోటమాలి చేతిలో కాయితం తెచ్చి బల్ల మీద పెట్టింది. టీచరమ్మ ఒక్కసారి కుర్చీలో కూర్చోబోయి, మానుకుని, వరసలోంచి బయటికి వచ్చింది. బల్ల దాకా నడిచింది.

“టీచర్ గారూ, మీరు కూర్చోండి,” అన్నాడు సెక్రటరీ. “మీరేదో జాలిపడి చేశారు. అది రాయక్కర్లేదు. దీని నిర్లక్ష్యం ఉండనే ఉంది.”

“పెన్ను ఇవ్వండి.”

“పెద్దవారు, మీ పేరెందుకు ఇందులో...”

“పదకొండు,” అంది టీచరమ్మ. “నేను లెక్క తప్పు చెప్పాను. సరిదిద్దాలి. ఇవ్వండి.”

ఆయన ఇచ్చాడు. ఆవిడ నిలబడే కాయితం మీద వంగింది. ‘మందు అంటిన చేతులతో’ అన్న చోట అడ్డంగా గీత కొట్టింది. ‘క్షమాపణ’ దగ్గర ఇంకో గీత. కింద ఖాళీలో నాలుగు వాక్యాలు రాసింది. రాసినవి గట్టిగా చదివింది. బకెట్టు మూత లేకుండా ఉంచింది తోటమాలి. అందులోవి మూకుట్లో పోసింది నేను. కుళాయికి పిడి లేనందువల్ల బకెట్లోవి పోశాను. పిడి తీయించింది సెక్రటరీ.

“ఇది అన్యాయం,” అన్నాడు సెక్రటరీ. “నీళ్లు వృథా కాకుండా తీయించాను.”

“అదీ రాయమంటారా? చోటుంది.”

ఆయన వద్దన్నాడు. టీచరమ్మ సంతకం చేసి తేదీ వేసి, కాయితాన్ని తోటమాలి వైపు తిప్పింది. తోటమాలి మళ్లీ వేలు పెట్టి చదివింది. మొదటి వాక్యం రెండుసార్లు చదివింది. సంతకం పెట్టింది. ఆమెని పనిలో ఉంచడానికి ఎవరికైనా అభ్యంతరమా అని గడియారం చూసుకున్నాయన అడిగాడు. ఎవరూ చేయెత్తలేదు. సెక్రటరీ ఆ సంగతి మినిట్స్‌లో రాసుకున్నాడు. వాచ్‌మన్ ఆదివారం ఎక్కడున్నాడో ఎవరూ మళ్లీ అడగలేదు. అక్క చెప్పలేదు. తలుపు బయట అతను టోపీ చేతిలో పట్టుకుని నిలబడి ఉన్నాడు.

మీటింగు ఏడూ నలభైకి ముగిసింది. తోటమాలి, టీచరమ్మ కలిసి మెట్లెక్కారు. టీచరమ్మ ఒక చేత్తో రెయిలింగు, ఇంకో చేత్తో తోటమాలి మోచేయి పట్టుకుంది.

తలుపు తాళం తీస్తూ, “వాసన రాలేదు నాకు,” అంది టీచరమ్మ. “జలుబు.”

“ఆ మందుకి పెద్దగా వాసన ఉండదు టీచరమ్మా.”

“నిజంగానా, నా కోసం అంటున్నావా?”

“నిజంగానే.”

“రేపు ఎన్నింటికి వస్తావు?”

“ఆరింటికి.”

గురువారం ఆరుకి పది నిమిషాలుండగా టీచరమ్మ తోటలో ఉంది. తోటమాలి కొత్త పీచు తెచ్చింది. పాత మూకుడు పగలగొట్టి పెంకులు మూటగట్టి చెత్తకి ఇచ్చారు. కొత్త మూకుడు మీటింగయ్యాక రాత్రి తమ్ముడు కొనితెచ్చాడు. దాన్ని టీచరమ్మ ఒళ్లో పెట్టుకుని తోమింది. అంచు కింద కూడా తోమాలని తోటమాలి చెప్పింది. ఆవిడ మళ్లీ తోమింది. మూడుసార్లు కడిగారు. మొదటి మగ్గు తోటమాలి పోసింది. రెండోదీ మూడోదీ టీచరమ్మ పోసింది.

ఇద్దరూ ఇరవై అడుగులు వెనక్కి వచ్చారు. తోటమాలి గులాబీల దగ్గర కలుపు తీయడం మొదలుపెట్టింది. టీచరమ్మ కుర్చీ వేయించుకుని కూర్చుంది.

తొమ్మిదింటికి ఒకసారి, పదకొండింటికి ఒకసారి నీళ్లు మార్చారు. పన్నెండున్నర దాకా పక్షి ఏదీ రాలేదు. అప్పుడు ఒక పిచ్చుక మూకుడు అంచు మీద వాలింది, టీచరమ్మ వేలు మడిచి ఒకటి అంది.